ఏ గడీ ఖాళీగా ఉంచకు

లక్డారం,
12 జులై 2025.

సెల్‌ఫోను సోకని కొండ మీద వెలసిన మా అక్క వనజమ్మ గారికి,

పటాన్‌చెరు పొగ పీల్చి పెరిగిన తమ్ముడు శివశంకర్, బి.ఎస్సీ., తీవ్ర దిగ్భ్రాంతితో రాసుకునే మనవి.

దిగ్భ్రాంతి ఎందుకంటే, ఇరవై నాలుగేళ్లలో నేను రాస్తున్న మొదటి ఉత్తరం ఇదే. పోస్టాఫీసులో కవరు అడిగితే అక్కడి మేడం నన్ను కిందికీ మీదికీ చూసి, "ఎవరన్న పోయిన్రా తమ్మీ?" అని మెల్లగా అడిగింది. లేదు మేడం, మా అక్క రాడారు చదువు చదువుతోంది, ఫోను తరంగం తగిలితే వాళ్ల రాడారు చెవులు పాడవుతాయట, అందుకని ఐదు కిలోమీటర్ల దాకా ఫోన్లు బంద్, గురువారం గురువారం జీపులో టపా ఒక్కటే దిక్కు అని చెప్పాను. ఆమె నమ్మలేదు. నాకూ నమ్మబుద్ధి కాలేదు. ఆరు నెలలు ఫోను లేకుండా బతకడానికి పీహెచ్.డీ. దాకా చదవాలా?

ఇక రాచకార్యం. నువ్వు వెళ్తూ వెళ్తూ అప్పజెప్పిన రాడారు డబ్బాను ముందరింట్లో గోడకు బిగించాను. టిఫిన్ డబ్బా అంత ఉంది. ఎదురుగా మీటరున్నర దూరంలో చేతుల కుర్చీ. రోజూ మధ్యాహ్నం రెండింటికి డబ్బా తనంతట తానే మేల్కొని, ఎదురుగా కూర్చున్న మనిషి ఎదకేసి ఇరవై నిమిషాలు తరంగం కొట్టి, ఎద కదలికను బట్టి ఊపిరి గీత గీస్తుంది. కూలిన గోడల కింద మనిషి ప్రాణంతో ఉన్నాడో లేదో రేపు బయటి నుంచే కనిపెట్టే విద్య ఇదని వాడకంతా ఉపన్యాసం ఇచ్చాను. పక్కింటి నర్సింహులు మామ అంతా శ్రద్ధగా విని, "మంచిగున్నది గని, ఔటర్ మీద నా బండికి పడ్డ చలాన్ తీసేపిస్తదా మీ అక్క?" అన్నాడు. రాడారంటే ఆయనకు తెలిసింది రోడ్డు మీద బండి వేగం పట్టేదొక్కటే.

నాయనమ్మను కుర్చీలో కూర్చోబెట్టిన వైనం విను.

"ఇది ఏం జేస్తదిరా?"

"నీ ఊపిరి లెక్కపెడతది నాయనమ్మా."

నా జీవితంలో ఇంతకన్నా తెలివితక్కువ మాట నేను అనలేదు. "కోడిపిల్లలనే లెక్కపెట్టనియ్య, నా ఊపిరి లెక్కపెట్టనిస్తనా? లెక్కపెడితే తరుగుతయి!" అని లేచిపోయింది. జిలేబీ ఆశపెట్టి ఎట్లాగో నాలుగు రోజులు కూర్చోబెట్టాను. ఆ నాలుగు రోజుల మెమరీ కార్డు, రోజువారీ వివరాలు నింపమన్న షీటు ఇందులో పెట్టాను. కార్డు జాగ్రత్త, ఊపిరితో ఉంది.

నాయన కులాసా. షిఫ్టు మార్చుకునే జోడీదారు సెలవులో పోయాడు గనక రెండు నెలలూ నైట్ డ్యూటీయే. పొద్దున దిగి, ఇంత తిని, మధ్యాహ్నానికి ఆ కుర్చీలోనే కూలబడి గురక. ఘాటెక్కే లారీ లాగా మొదలై, నడిమధ్యలో ఇంజను బంద్ అయినట్టు ఆగి, మళ్లీ ఒక్క దుముకుతో అందుకుంటాడు. ముప్పై ఏళ్లు బాయిలర్ నడిపితే మనిషే బాయిలర్ అవుతాడు కాబోలు.

ఇట్లు,
రాడారు విద్య లక్డారం శాఖకు స్వయంప్రకటిత అధ్యక్షుడు
శివ


కొండ మీద నుంచి,
24 జులై 2025, గురువారం.

తమ్మీ,

జీపు ఇక్కడ రెండు గంటలే ఆగుతుంది. ఆలోపు చదివి, జవాబు రాసి ఇచ్చేయాలి. నీ ఉత్తరం చదివి నవ్వుతుంటే ఇక్కడి వాచ్‌మన్ పరుగున వచ్చాడు. మూడు వారాలుగా ఇక్కడ ఎవరూ నవ్వలేదట.

ఇప్పుడు నవ్వు ఆపి విను. నాకిది ఐదో ఏడు. డిసెంబరులో థీసిస్ ఇవ్వాలి. నవంబరులో అసిస్టెంట్ ప్రొఫెసర్ పోస్టుకు ఇంటర్వ్యూ ఉంది. అప్పటికి ఒక మంచి కాన్ఫరెన్సు నా పేపరు ఒప్పుకోకపోతే వాళ్లు నా దరఖాస్తు తెరిచి కూడా చూడరు. మా గైడ్ బాపిరాజు సార్ మాట ఒకటే: "డెబ్బై దాటిన వాళ్ల రికార్డింగులు లేకపోతే నీ పద్ధతిని ఎవరు నమ్ముతారమ్మా?" నా దగ్గర డెబ్బై దాటిన మనిషి నాయనమ్మ ఒక్కతే. ముప్పై రోజులు కావాలి. బతిమాలుకో, కాళ్లు పట్టుకో, ఏమన్నా చెయ్యి.

ఇంకొకటి. నువ్వు పంపిన షీట్లో మూడు గడులు ఖాళీగా ఉన్నాయి. ఎవరు, వయసు ఎంత, ఎంత దూరం, కూర్చున్నారా పడుకున్నారా, మెలకువా నిద్రా, ఇవన్నీ ఉంటేనే ఆ రోజు రికార్డింగు నాకు పనికొస్తుంది. లేకపోతే ఆ రోజు మొత్తం తీసి పారేయాలి. ఏ గడీ ఖాళీగా ఉంచకు. కంపెనీలో క్వాలిటీ విభాగంలో చేస్తున్నావు, నీకు నేను చెప్పాలా?

నాయనను రెండు నెలలు నైట్ డ్యూటీ చేయొద్దని నా మాటగా చెప్పు.

మీ అక్క,
వనజ


లక్డారం,
9 ఆగస్టు 2025.

ఊపిరి గీతల మహారాజ్ఞి, అక్కగారికి,

తమరి ఆజ్ఞ శిరసావహించాను. ఇరవై ఆరు రోజుల కార్డు, షీటు పంపుతున్నాను. నువ్వడిగిన ముప్పై నిండాయి. షీటు ఒకసారి కళ్లకద్దుకుని చూడు. ఒక్క గడి ఖాళీ లేదు. ముత్యమ్మ, డెబ్బై నాలుగు, మీటరున్నర, కూర్చుని, మెలకువ. వరుసగా ఇరవై ఆరు రోజులు. మాత్రలు చేసే కంపెనీలో పనిచేసేవాడి పనితనం ఇది. మా దగ్గరికి ఆడిట్‌కు వచ్చిన దొరలే మా రిజిస్టర్లు చూసి దిగ్భ్రాంతి చెందుతారు. నువ్వెంత?

నాయనమ్మను ఎట్లా ఒప్పించావని అడగకు. అధ్యక్షులకు కొన్ని రహస్యాలుంటాయి.

ఇంటి వార్తల్లో ముఖ్యాంశం: నాయనకు మెమో వచ్చింది! డ్యూటీలో కునుకు తీశాడట. ముప్పై ఏళ్ల సర్వీసులో మొదటి కాగితం. ఫ్రేము కట్టించి నీ బి.టెక్. ఫోటో పక్కన పెడదామన్నాను. నాయన నవ్వలేదు. "పండుకోలేదురా, జెర రెప్ప వాలింది" అంటాడు. నువ్వు చెప్పమన్నది చెప్పాను. "జోడీదారు రానియ్యి. బాయిలర్ ఒక్కతే ఉంటదా?" అన్నాడు. అమ్మ కంటే దాని మీదే ప్రేమ ఎక్కువ.

ఇట్లు,
ఖాళీలు లేని
శివ


కొండ మీద నుంచి,
21 ఆగస్టు 2025, గురువారం.

శివా,

ఈ ఉత్తరం కంటే ముందే నీకు ఫోను వస్తుంది. జీపు డ్రైవరుకు నీ నంబరు రాసిచ్చాను, రేపు పొద్దున కింద ఊరు చేరగానే చేస్తాడు. నాయనమ్మను వెంటనే పెద్ద దవాఖానకు తీసుకుపో. ఉత్తరం వివరం కోసం రాస్తున్నాను.

కార్డు ఈ జీపులోనే వచ్చింది, రాగానే తెరిచాను. మొదటి నాలుగు రోజులు నాయనమ్మ ఊపిరి చక్కగా అలల్లాగా ఉంది. ఆ తరువాతి ఇరవై ఆరు రోజుల్లో ప్రతి రోజూ ఊపిరి ఆగుతోంది తమ్మీ. గీత అల లేచి లేచి, ఒక్కసారిగా చదునైపోతుంది. పది సెకన్లు, ఇరవై, ముప్పై. ఒకచోట నలభై ఒకటి. తరువాత ఒక్క పెద్ద అల, నీళ్లలో మునిగినవాళ్లు పైకి తేలినట్టు.

నువ్వు మెలకువ అని రాశావు. మెలకువగా ఉన్న మనిషి ఎద నలభై సెకన్లు ఆగితే పక్కనున్న నీకు ఏమీ కనిపించలేదా? ఇరవై ఆరు రోజులు పక్కనే ఉండి ఏం చూశావు? నీ మీద కోపం కాదు, భయం.

వెంటనే తీసుకుపో.

అక్క


లక్డారం,
30 ఆగస్టు 2025.

అక్కా,

ఈ రాత రాస్తున్నది ప్రాణాలతో బయటపడిన శివశంకర్.

పోయిన వారం శుక్రవారం పొద్దున ల్యాబులో ఉండగా ఎవరిదో కొత్త నంబరు. ఎత్తగానే ఒక గంభీరమైన గొంతు, "ఆప్‌కీ దాదీ సాఁస్ నహీ లేతీ" అన్నది. మీ దాదీ ఊపిరి తీయడం లేదట. అంతే, పెట్టేసింది. అక్కా, నేను ల్యాబు కోటుతోనే బండెక్కి ఇస్నాపూర్ దాటి ఎట్లా వచ్చానో నాకే తెలియదు. ఇంట్లోకి ఉరికేసరికి నాయనమ్మ గడప మీద కూర్చుని చిక్కుడుకాయలు వలుస్తోంది.

"ఏందిరా, తెల్లకోటేస్కొని ఉరికొస్తున్నవ్? డాక్టరువైనవా?"

ఎంత చెప్పినా వినదు. ఆటోలో ఎక్కించి దవాఖానకు తీసుకుపోయాను. ఎక్స్‌రే తీశారు, గుండెకు ఈసీజీ తీశారు, వేలికి క్లిప్పు పెట్టి అరగంట కూర్చోబెట్టారు. డాక్టరు నావైపు తిరిగి, "ఈమె నాకంటే గట్టిగుంది, నీకే ఆయాసంగా ఉన్నట్టుంది, కూర్చో" అన్నాడు. తిరుగు దారంతా నాయనమ్మ నన్ను తిట్టిన తిట్లు పోస్టులో పంపదగినవి కావు. "నేను చావాల్నని ఎవడు రాసి పంపిండు నీకు?" అన్న ఒక్కటే రాయగలిగింది.

కాబట్టి, తీవ్ర విచారంతో తెలియజేయునది ఏమనగా: డబ్బాకే పిచ్చి లేచింది. లోకంలో మిషన్లకు పిచ్చి లేవడం కొత్త కాదు. నువ్వు బుర్ర పాడు చేసుకోకు. నీ లెక్కల్లోనే ఎక్కడో గోలీ గడబిడ అయి ఉంటుంది, సరిచేసుకో.

నాయనకు రెండో మెమో వచ్చింది. అది వేరే కథ.

శివ


కొండ మీద నుంచి,
25 సెప్టెంబరు 2025, గురువారం.

తమ్మీ,

నాయనమ్మ బాగుందన్న మాట చదివి కొండ మీద ఒక్కదాన్నే కూర్చుని ఏడ్చాను. తరువాత ఇంకో ఏడుపు మొదలైంది. ఆమె బాగుంటే నా లెక్క తప్పు. ఐదేళ్లుగా నేను కట్టిన పద్ధతి బతికున్న మనిషిని పట్టుకుని ఊపిరి ఆగిందని చెబుతోంది.

ఆరు రోజులు ప్రతి మెట్టూ విప్పి చూశాను, తప్పు దొరకలేదు. బాపిరాజు సార్‌కు కాగితం మీద మొత్తం రాసి పంపాను. ఆయన జవాబు రెండు వాక్యాలు: "మెలకువగా ఉన్న ఆరోగ్యవంతురాలికి అట్లా జరగదు. సంకేతం బలహీనమై పడిపోయిన చోట్లు అవి, పూడ్చి ముందుకు సాగు." అట్లాగే చేశాను. ఊపిరి ఆగినట్టు కనిపించిన ప్రతి చోటా, దానికి ముందున్న ఊపిరిని తెచ్చి ఆ ఖాళీలో నింపే చిన్న మెట్టు ఒకటి ప్రోగ్రాములో కలిపాను. ఇప్పుడు గీత చూస్తే ముచ్చటేస్తుంది. ఎక్కడా తెగదు.

ఆ గీతలు చేర్చి పంపిన వారానికే పేపరు ఒప్పుకున్నారు శివా! నవంబరు ఇంటర్వ్యూకు పిలుపు కూడా వచ్చింది. మన వాడలో పుట్టినవాళ్లలో కాలేజీలో పాఠం చెప్పబోయే మొదటి మనిషి మీ అక్క. పేపరు చివర కృతజ్ఞతల్లో "ముత్యమ్మకు" అని పెట్టాను. ఆమెకు చదివి వినిపించు.

సంతోషంగా ఉండాలి కదా. ఎందుకో లేదు. తప్పు దొరకకుండానే సరిచేశాను, అదొక్కటే గుచ్చుకుంటోంది.

నాయనకు రెండో మెమో ఏమిటి? నవ్వులాటకు రాశావా?

అక్క


లక్డారం,
4 అక్టోబరు 2025.

అక్కా,

ఈసారి బిరుదులు లేవు.

జోడీదారు ఇంకా రాలేదు, నైట్ డ్యూటీ నాయనదే. సెప్టెంబరు ఇరవై ఆరున తెల్లవారి ఐదున్నరకు నాయన కంపెనీలో బాయిలర్‌లో నీళ్లు అడుగంటాయి. గాజు గొట్టంలో నీటి మట్టం చూస్తూ ఉండాల్సిన మనిషి, ఎదురుగా స్టూలు మీద కూర్చుని ఉన్నాడు. సైరన్ మోగినా కదలలేదట. పక్క షెడ్డు నుంచి బీహారు కుర్రాడు "చాచా! చాచా!" అని ఉరికొచ్చి మంట ఆపేశాడు. ఎవరికీ ఏమీ కాలేదు. ఇంకో రెండు నిమిషాలు అయితే ఏమయ్యేదో ఇక్కడ ఎవరికీ చెప్పనక్కర్లేదు, ఈ చుట్టుపక్కల పెద్ద చప్పుడైతే జనం ముందు బయటికి ఉరికి తరువాత ఏమైందని అడుగుతారు.

నాయనను సస్పెండ్ చేశారు. నలుగురి ముందు నోరు తెరవమని వాసన చూశారు. పదేళ్లుగా కల్లు కూడా ముట్టని మనిషిని. ఇంటికి వచ్చి ఆ కుర్చీలో కూర్చుని, "శివిగా, నేను పండుకోలేదురా. రెప్ప కొట్టిన. రెప్ప తెరిచేసరికి సైరన్" అన్నాడు. సద్దుల బతుకమ్మ నాడు కూడా గడప దాటలేదు.

నిన్న అమ్మ పక్కన కూర్చుని ఉంటే నాయన కుర్చీలో నిద్రపోయాడు. గురక ఆగింది. అమ్మ చూడకుండానే మోచేయి చాపి ఒక్క పోటు పొడిచింది. మళ్లీ మొదలైంది.

"ఏంది అమ్మా అది?"

"గురక ఆగితే పొడుస్త. మళ్ల అందుకుంటడు. ఇరవై ఏండ్ల సంది పొడుస్తనే ఉన్న. ఎవల మొగడైనా గంతే గదరా?"

అక్కా, నేను లేచి నీ 25వ తేదీ ఉత్తరం తీశాను. "ముందున్న ఊపిరిని తెచ్చి ఆ ఖాళీలో నింపాను" అన్న చోటు మళ్లీ చదివాను. ఆ పని నాకు బాగా తెలుసు. రోజూ చేస్తాను.

మా కంపెనీలో గంటకొకసారి రీడింగు చూసి రిజిస్టరులో రాయాలి. ఎవరూ గంటకొకసారి చూడరు. షిఫ్టు చివర కూర్చుని ముందరి గంట అంకెనే కొంచెం అటూ ఇటూ చేసి కిందిదాకా దించుతాం. ఒక్క చేత్తో రాసినట్టు కనిపించకుండా మూడు పెన్నులు మారుస్తాం. ఆడిట్ ముందు రోజైతే ఒక పేజీ మీద కొంచెం చాయ్ చుక్క కూడా పడేస్తాం. నేను అందులో ఉస్తాదును.

నాయనమ్మ ఐదో రోజు నుంచి కుర్చీ ఎక్కలేదు. జిలేబీకి కూడా లొంగలేదు. డబ్బా మాత్రం రోజూ రెండింటికి తనంతట తాను మేల్కొని, ఎదురుగా ఉన్న మనిషి ఎదను కొలుస్తూనే ఉంది. ఎదురుగా ఉన్నది నాయన. నైట్ డ్యూటీ దిగి ఆ కుర్చీలో నిద్రపోయే నాయన. ఏ గడీ ఖాళీగా ఉంచకు, నాయనమ్మదే ముఖ్యం అని నీ ఉత్తరం వచ్చిన నాడు, ఒక్కసారి కూర్చుని ఇరవై ఆరు రోజులూ నింపేశాను. ముత్యమ్మ, డెబ్బై నాలుగు, మెలకువ. మూడు పెన్నులు.

దవాఖానకు ఆటోలో పోయేటప్పుడే నాకు తెలుసు, ఆ ఊపిరి నాయనమ్మది కాదని. చెబితే నీ ముప్పై రోజులూ పోతాయనుకున్నాను. నాయనకేం, ఎద్దులాంటి మనిషి, డబ్బాకే పిచ్చి అనుకున్నాను. అనుకుని జోకు రాసి పంపాను.

నీ లెక్క తప్పు కాదక్కా. నేను తప్పు.

నాయన దవాఖానకు రానంటున్నాడు. "నేను తాగలేదని రాసిచ్చే దవాఖాన ఉన్నదా?" అంటాడు. నువ్వు చెబితే వస్తాడు. డ్రైవరుతో ఫోను చేయించు.

శివ


కొండ మీద నుంచి,
16 అక్టోబరు 2025, గురువారం.

శివా,

డ్రైవరుకు నాయనతో చెప్పాల్సిన మాట హిందీలో రాసిచ్చి మూడుసార్లు చదివించాను: "నీ బిడ్డ పంపితే వెళ్తున్నావు, తప్పు చేసి కాదు." నిద్రలో ఊపిరి ఆగే జబ్బు అది. పరీక్ష ఉంది, మందు ఉంది. అప్పటిదాకా ఆయన బండి ముట్టకూడదు, ఒంటరిగా వదలకండి.

నేను కలిపిన ఆ నింపే మెట్టు తీసేసి ఇరవై ఆరు రోజులూ మళ్లీ చూశాను. గంటకు ముప్పై ఎనిమిది సార్ల లెక్కన ఆగుతోంది. అన్నిటికన్నా పొడవైనది యాభై ఎనిమిది సెకన్లు. ఆగస్టు ఐదు, రెండింటి పదిహేడు నిమిషాలకు. జులై, ఆగస్టు, సెప్టెంబరు, మూడు నెలలుగా ఆ డబ్బా మనిద్దరికీ చెబుతూనే ఉంది తమ్మీ. నువ్వు పేరు మార్చావు, నేను గీత మార్చాను.

ఇంకొకటి చేశాను. రాడారు ముందు ఒక నిమిషం కూర్చుని, లేచి బయటికి వెళ్లిపోయాను. పేపరులో పంపిన ప్రోగ్రాముకు ఆ రికార్డింగు ఇచ్చాను. ఖాళీ కుర్చీకి నా ప్రోగ్రాము పంతొమ్మిది నిమిషాలు ఊపిరి పోసింది. అందమైన అలలు. కూలిన గోడ పక్కన నిలబడి, "ఉన్నాడు, ఇంకా ఉన్నాడు" అని చెప్పే మిషను కట్టాను నేను. పోయినవాడిని కూడా ఉన్నాడంటుంది. లేక ఆగి ఆగి కొట్టుకుంటున్నవాడిని, తొందరేం లేదంటుంది.

పేపరు వెనక్కి తీసుకుంటున్నానని కాన్ఫరెన్సుకు, బాపిరాజు సార్‌కు ఈ జీపులోనే ఉత్తరాలు పంపుతున్నాను. ఇంటర్వ్యూ పోతుంది. నిన్ను తిట్టడానికి కాగితం తీశాను, నా వంతు తిట్లకే నిండిపోయింది. ఏ గడీ ఖాళీగా ఉంచకు అని రాసింది నేనే కదా.

నాయనను తీసుకుపో.

అక్క


లక్డారం,
5 నవంబరు 2025.

పేపరు పోగొట్టుకున్న పండితురాలు, అక్కగారికి,

క్షమించు, బిరుదు మళ్లీ తగిలించాను. ధైర్యం కొంచెం వచ్చింది.

నాయన వచ్చాడు. డ్రైవరు ఫోనులో ఏం చెప్పాడో, "నా బిడ్డ పంపింది" అని తెల్లచొక్కా వేసుకుని, పెళ్లికి పోయినట్టు వచ్చాడు. ఒంటినిండా తీగలు అంటించి నిద్రపుచ్చి పరీక్ష చేశారు. డాక్టరు కాగితం చూసి, "గంటకు నలభై సార్లు. ఈయన ఇన్నేళ్లు నిద్రపోలేదు, ఊరికే కళ్లు మూసుకున్నాడు" అన్నాడు. నీ డబ్బా ముప్పై ఎనిమిది అన్నది. రెండు తేడాతో మా అక్క గెలిచింది. అమ్మ ఆ మాట విని డాక్టరు ముందే కుర్చీలో కూలబడి, "అయ్యో, నేను పొడుసుడు మరిస్తే?" అన్నది.

ముక్కుకు మాస్కు, దానికో గొట్టం, గాలి తోసే మిషను. నాయనమ్మ చూసి, "ఏనుగు లెక్కనే ఉన్నవు కొడుకా" అన్నది. మొదటి రోజు మాస్కు పెట్టుకుని మధ్యాహ్నం పడుకున్న మనిషి సాయంత్రం లేచి, మా అందరినీ వింతగా చూసి, "దునియా గింత సప్పుడు లేకుండ ఉంటదా?" అన్నాడు.

కంపెనీ వాళ్లకు కాగితం చూపించాను. తాగాడన్న మాట కొట్టేశారు. బాయిలర్ దగ్గరికి మాత్రం ఇక పంపరు, స్టోరులో పగటి డ్యూటీ ఇస్తారట. నాయన గేటు బయట నిలబడి పొగగొట్టం కేసి కొంతసేపు చూసి వచ్చాడు.

నా సంగతి. మొన్న మా రిజిస్టరులో రెండు గంటలు ఖాళీగా వదిలాను. మేనేజరు నరసరాజు సార్ పిలిచి, "ఇదేంటయ్యా, ఖాళీ?" అన్నాడు. "ఆ రెండు గంటలు నేను చూడలేదు సార్." ఆయన ముఖంలో కనిపించిన దిగ్భ్రాంతి నా జన్మలో మరువను. నాకూ మెమో వచ్చింది. మన ఇంట్లో అది వంశపారంపర్యం అయ్యేట్టుంది.

కొత్త కార్డు, కొత్త షీటు పంపుతున్నాను. పెన్ను ఒక్కటే. ముప్పైన నాయన, యాభై ఆరు, కుర్చీలో నిద్ర, మాస్కు ఉంది. ముప్పై ఒకటిన ఖాళీ, నాయన సంగారెడ్డి పోయాడు. ఒకటో తేదీన ముత్యమ్మ, డెబ్బై నాలుగు, నిజంగా ముత్యమ్మే, నాలుగు నిమిషాలు కూర్చుని తిట్టి లేచింది. ఎందుకు కూర్చున్నదో తెలుసా? "నా పేరు మీద అబద్ధం రాసినవట గదా, నిజం చేస్త తియ్యి" అని. రెండో తేదీన మళ్లీ నాయన.

నాయనమ్మ నీకొక మాట చెప్పమన్నది: "నా కొడుకు ఊపిరి ఆగిందా లేదా సూడుమను. ఎన్ని అని మాత్రం సూడొద్దను."

శివ


కొండ మీద నుంచి,
13 నవంబరు 2025, గురువారం.

తమ్మీ,

ఇంటర్వ్యూ సోమవారం అయిపోయింది, నేను లేకుండా. థీసిస్ వచ్చే ఆగస్టుకు జరిగింది. బాపిరాజు సార్ నాలుగు వారాలు ఏమీ రాయలేదు. ఈ రోజు జీపులో ఆయన కవరు వచ్చింది. చీవాట్లేమో అని చాలాసేపు తెరవలేదు. నేను పంపిన ఖాళీ కుర్చీ గీత ప్రింటు తిరిగి పంపాడు. దాని కింద ఎర్ర సిరాతో, "పూడ్చమన్నది నేను. థీసిస్ మొదటి అధ్యాయం ఈ బొమ్మతో మొదలుపెట్టు" అని ఉంది. కింద సంతకం.

కాబట్టి ఇంకో తొమ్మిది నెలలు మీ అక్క డాక్టరు కాదు. వాడలో అడిగినవాళ్లకు అట్లాగే చెప్పు, ఏమీ కలపకు.

నాయన కార్డు చూశాను. జీపు వెళ్లిపోతానని హారన్ కొడుతున్నా మొత్తం ఇరవై నిమిషాలూ కూర్చుని చూశాను. నింపే మెట్టు లేదు, ఏమీ లేదు, డబ్బా విన్నది విన్నట్టే. నమ్మలేక మొదటికి పోయి మళ్లీ చూశాను. ఎక్కడా ఆగలేదు శివా. నాయనమ్మకు చెప్పు, ఒక్కసారి కూడా ఆగలేదు.

నిమిషానికి ఎన్ని అనే గడి ఒకటి ఉంటుంది షీట్లో. అది ఖాళీగా ఉంచాను.

మీ అక్క,
వనజ